నాటింగ్‌హామ్ సెయింట్ ఆన్స్ తోటలు: గులాబీలకు దుప్పట్లు కప్పిన చోటు

ఇంగ్లండులో పాత తోటలు చూడాలనుకునేవారు సాధారణంగా ప్రభువుల భవనాల వైపు వెళతారు. నాటింగ్‌హామ్‌లోని సెయింట్ ఆన్స్ తోటలు ఆ కోవకు చెందినవి కావు. దాదాపు 75 ఎకరాల కొండవాలులో, ఎత్తయిన కంచెమొక్కల మధ్య సుమారు 670 చిన్న తోటలున్నాయి. నేటికీ నగరవాసులు వాటిని అద్దెకు తీసుకుని సాగుచేస్తున్నారు.

లేసు, మేజోళ్ల పరిశ్రమ కోసం 19వ శతాబ్దం తొలి సగంలో జనం వచ్చి చేరుతున్నా, చుట్టూ ఉన్న ఉమ్మడి భూముల్లో పశువులను మేపుకునే హక్కులు పట్టణవాసులకు ఉండడంతో నాటింగ్‌హామ్ విస్తరించలేకపోయింది. ఆ భూములను విభజించే చట్టం 1845లో వచ్చేదాకా ఇళ్లను ఒకదానికొకటి ఆనించి, పెరడన్నదే లేకుండా కట్టారు. అందువల్ల స్తోమతున్న దుకాణదారులు ఊరి బయట తోటలు అద్దెకు తీసుకున్నారు. కార్మికులు తరువాత వచ్చారు.

మమ్మల్ని తిప్పి చూపించిన స్వచ్ఛంద కార్యకర్త చాలా ఓపికగా వివరించారు. అన్నిటికన్నా నన్ను ఆకట్టుకున్నవి పొయ్యిగూడుతో సహా ఇటుకలతో కట్టిన బుల్లి విడిది గదులు. ఇరుకింట్లో లేని ముందుగదిని ఆ కుటుంబాలు ఇక్కడ కట్టుకున్నాయనిపించింది.

1860 ప్రాంతంలో ఈ ఊరి కార్మికులు ఈస్టర్ సోమవారం నాడు గులాబీల పోటీ పెట్టి, న్యాయనిర్ణేతగా రమ్మని రేనాల్డ్స్ హోల్ అనే మతగురువుకు ఉత్తరం రాశారు. చలి ఇంకా పోని ఆ రోజుల్లో గులాబీలేమిటని ఆయన దానిని వేళాకోళమనుకున్నారు. వచ్చి చూస్తే ఒక సత్రం మేడగదిలో, అద్దాల కింద పెంచిన పూలు నిండుగా ఉన్నాయి. మంచు కురిసే రాత్రులలో వారు తమ పక్కల మీది దుప్పట్లు తీసి మొక్కలకు కప్పేవారట! (ఇంటి ఇల్లాళ్లు ఏమనుకున్నారో మరి.)

పొరుగునున్న డెర్బీలో నూలుమిల్లుల కుటుంబానికి చెందిన జోసెఫ్ స్ట్రట్ 1840లో ప్రజలకిచ్చిన వృక్షవనం కూడా చూశాను. అందమైనదే, కానీ తొలినాళ్లలో అందులోకి ఉచిత ప్రవేశం ఆది, బుధవారాలకే పరిమితం. అది కార్మికుడు చూసి వెళ్లే తోట, ఇది అతడే తవ్వుకున్న తోట. రెంటిలో ఒకదానికే సమయముంటే సెయింట్ ఆన్స్‌కే వెళ్లమంటాను.

దారి ఏటవాలుగా ఉంటుంది, వానపడితే జారుతుంది. గట్టి బూట్లు వేసుకోవాలి, మోకాళ్ల నొప్పులున్నవారు ఆలోచించుకోవాలి. గులాబీల కోసమైతే జూన్ నెల మేలు. వచ్చేటప్పుడు ఒక తోట యజమానురాలు పుల్లగా ఉండే రూబర్బ్ కాడల కట్ట చేతిలో పెట్టారు. ఇంటికి వచ్చి వాటితో పప్పు చేశాము, గోంగూర లేని లోటు కొంత తీరింది.