వెతికి పట్టుకున్న కథ, రీళ్లలో దాగిన కథ

స్వీడన్ డాక్యుమెంటరీ దర్శకుల్లో ఇద్దరి దారులు నన్ను వదలవు. మాలిక్ బెంజెలూల్ టీవీ ఉద్యోగం మానేసి, మరుగునపడిన ఒక డెట్రాయిట్ గాయకుడి కథను కేప్‌టౌన్‌లో విని, ఏళ్లతరబడి దాని వెంటే తిరిగాడు. డబ్బు అయిపోతే కొన్ని దృశ్యాలను ఫోనులోని చవకైన యాప్‌తో తీశాడు. అలా తయారైన ‘సెర్చింగ్ ఫర్ షుగర్ మ్యాన్’ చిత్రానికి 2013లో ఆస్కార్ వచ్చింది. మరుసటి ఏడాదే, 36 ఏళ్లకే మరణించాడు.

గోరాన్ ఓల్సన్ కథ కోసం ఊళ్లు తిరగలేదు. స్వీడిష్ టెలివిజన్ భాండాగారంలో దశాబ్దాలు పడివున్న, 1967–75 నాటి అమెరికా నల్లజాతి ఉద్యమ రీళ్లను 2011లో ‘ది బ్లాక్ పవర్ మిక్స్‌టేప్’ అనే సినిమాగా కూర్చాడు. అందులో జైల్లో ఉన్న నల్లజాతి ఉద్యమకారిణి ఏంజెలా డేవిస్‌ను హింస గురించి అడుగుతారు. అమెరికాలోని బర్మింగ్‌హామ్‌లో బాంబుకు బలైన, తన కుటుంబానికి తెలిసిన నల్లజాతి బాలికలను ఆమె గుర్తుచేస్తుంది. ఆ కొద్ది నిమిషాల కోసమే, ఎవరైనా అడిగితే ముందు ఓల్సన్ చిత్రాన్నే చూడమంటాను.