అలిపిరి మెట్లా, మామిడి ట్రాక్టర్ల క్యూనా?

ఇంటర్వ్యూలు, వ్యాఖ్యానం లేకుండా మన ప్రాంతపు రోజువారీ బతుకు మీద డాక్యుమెంటరీ తీయాలంటే నాకు రెండు చోట్లు తోస్తాయి.

అలిపిరి నడకదారిలో సుమారు 3,550 మెట్లు. ప్రతి మెట్టుకీ పసుపు రాసి, కుంకుమ పెడుతూ నడుం వంచే ఎక్కే ఆడవాళ్లుంటారు. ఎటు తిప్పినా షాట్ దొరుకుతుంది. కానీ ఫ్రేములోకి వచ్చిన మనిషి నిమిషంలో దాటిపోతాడు.

చిత్తూరు వైపు మామిడి సీజన్‌లో గుజ్జు ఫ్యాక్టరీల ముందు తోతాపురి ట్రాక్టర్లు బారులు తీరతాయి. రైతు గంటలకొద్దీ అక్కడే ఉంటాడు. ట్రాక్టర్ నీడలో తువాలు పరిచి పడుకుంటాడు, మెత్తబడిన కాయలు ఏరి పారేస్తాడు, ధర ఎంత పలికిందో ఫోన్‌లో కనుక్కుంటాడు. మధ్యాహ్నానికి కెమెరా ఉన్న సంగతే మరిచిపోతాడు. ఈ రకం సినిమాకు కావాల్సింది అదే. అందం అలిపిరిదే, కాదనను. నేనైతే చిత్తూరుకే పోతాను, కెమెరా కంటే ముందు మంచి మైకు సర్దుకుని.