మెగ్స్ జెంకిన్స్ కోసమే సినిమా చూడొచ్చా?

హీరోయిన్ల గురించి అందరూ రాస్తారు. రెండో ప్రపంచ యుద్ధం తర్వాతి బ్రిటిష్ సినిమాలు నేను కొన్నేళ్లుగా వెతుక్కుని చూస్తున్నది మాత్రం, పక్క వేషాలు వేసే మెగ్స్ జెంకిన్స్ అనే నటి కోసం. వంటావిడ, నర్సు, ఇల్లు చూసుకునే పెద్దావిడ, ఏ వేషమైనా సరే, ఆవిడ ఎదుటివాళ్ల మాట వినే తీరు చూడాలి. తన డైలాగు ఎప్పుడొస్తుందా అని కాచుకున్నట్టుండదు. నిజంగానే వింటుంది.

'ది ఇన్నొసెంట్స్' (1961) దగ్గర నేను పూర్తిగా పడిపోయాను. డెబొరా కెర్ గవర్నెస్, అంటే ఇంట్లోనే ఉండి పిల్లలకి చదువు చెప్పే టీచరు; ఈవిడ ఇల్లు చూసుకునే మిసెస్ గ్రోస్. ఆవిడకి దయ్యాలు కనిపిస్తాయి, ఈవిడకి కనిపించవు. దయ్యాల సినిమాలో ఏమీ కనిపించని మనిషి వేషమంటే మామూలుగా దండగ. ఇక్కడ మాత్రం గవర్నెస్‌ని నమ్మాలా, మతి చలించిందనుకోవాలా అని మనం ఊగిసలాడేది ఈవిడ మొహం చూసే. చెరువు దగ్గర చిన్నపిల్ల ఫ్లోరా కేకలు పెట్టాక, ఈవిడ ఆ పిల్ల దగ్గరుండి బయటికొస్తుంది. పిల్ల నోట విన్న మాటలు తన నోటితో అనలేదు. భయం ఉంది, జాలి ఉంది, గవర్నెస్ మీద అనుమానమూ ఉంది. ఏది ఎక్కువో నాకిప్పటికీ తేలలేదు. మళ్లీ చూసినప్పుడు కెర్‌ని వదిలేసి ఈవిడనే చూశాను. దయ్యం కన్నా అదే ఎక్కువ భయపెట్టింది.

తీరా 1974లో టీవీకి అదే కథ తీస్తూ, లిన్ రెడ్‌గ్రేవ్ పక్కన మళ్లీ మిసెస్ గ్రోస్ వేషమే ఇచ్చారు. గౌరవమే అనుకోవచ్చు, నాకైతే ఒళ్లు మండింది. 'ది హిస్టరీ ఆఫ్ మిస్టర్ పాలీ' (1949)లో సత్రం నడిపే బొద్దావిడగా వేసేనాటికి ఆవిడకి 32 కూడా నిండలేదు. అప్పటినుంచీ అదే మూస. అంతకుముందే 'గ్రీన్ ఫర్ డేంజర్' (1946)లో, నాజీల తరఫున రేడియోలో మాట్లాడే కవల సోదరి గుట్టు దాచుకునే నర్సుగా చేసి చూపించింది కదా!

ఏ వేషమైనా అన్నాను గానీ, 'ఆలివర్!' (1968) దానికి లెక్కరాదు. ఉత్తమ చిత్రంగా ఆస్కార్ వచ్చింది కదా అని కూర్చుంటే, మిసెస్ బెడ్విన్‌గా ఆవిడకి చేయడానికి పెద్దగా ఏమీ లేదు.

నాది నైట్ షిఫ్టు, మధ్యాహ్నాలు ఖాళీ. చిన్న వేషం కోసం సినిమా మొత్తం చూసే ఓపిక అందుకే ఉంది. మీకు ఒక్కదానికే తీరికుంటే 'ది ఇన్నొసెంట్స్' చూడండి, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని. రెండోదానికి వీలైతే 'గ్రీన్ ఫర్ డేంజర్'. మిగతావి మీ ఓపిక.