ఫార్ములా 4 సీటు: అంత డబ్బుకు నిజంగా ఏం వస్తుంది?

కార్టింగ్‌లో (చిన్న గో-కార్టుల రేసుల్లో) నాలుగైదేళ్లు నిలకడగా రాణించిన పిల్లలకు పదిహేనో ఏడు దగ్గర పడేసరికి ఇంట్లో ఫార్ములా 1 (ఎఫ్1) వైపు వెళ్లే మెట్లలో మొదటిదైన ఫార్ములా 4 (ఎఫ్4) మాట మొదలవుతుంది. ముందే చెప్పేస్తాం: సరుకు మంచిదే. ఎఫ్4 నుంచి ఎఫ్2 దాకా ఉన్న మెట్లన్నిటిలో పెట్టిన రూపాయికి ఎక్కువ నేర్పేది ఇదే. అయితే ఎఫ్4 అన్న ఒక్క పేరు మీద అమ్ముడుపోతున్న సీట్ల మధ్య తేడా చాలా ఉంది. ఆ తేడా బ్రోషర్లలో కనపడదు. ఏడాదికి ఎన్ని టెస్టు రోజులు, ఒక్కో రోజుకు ఎన్ని కొత్త టైర్లు అన్న లెక్క తీస్తే బయటపడుతుంది.

ముందు కారు సంగతి. ప్రపంచ మోటారు క్రీడల సంస్థ ఎఫ్‌ఐఏ ఈ తరగతిని 2014లో మొదలుపెట్టింది. ఇప్పుడు నడుస్తున్నది తలను కాపాడే చట్రం (హేలో) ఉన్న రెండో తరం కారు. ఇటలీ, బ్రిటన్, స్పెయిన్‌లలో తతూస్ టీ-421 వాడతారు, దానిలో అబార్త్ 1.4 లీటర్ల టర్బో ఇంజిన్ ఉంటుంది. ఫ్రాన్స్‌లోనూ మన దేశంలోనూ మైగాల్ ఎం21 వాడతారు, ఇంజిన్ 1.3 లీటర్ల టర్బో. రెండిటికీ శక్తి సుమారు 180 హార్స్‌పవర్. కార్బన్ ఫైబర్ మోనోకాక్ (డ్రైవరు కూర్చునే గట్టి డొల్ల), స్టీరింగ్ వెనక ప్యాడిళ్లతో మార్చే ఆరు గేర్ల సీక్వెన్షియల్ గేర్‌బాక్స్ రెండిట్లోనూ ఉంటాయి. పవర్ స్టీరింగ్ లేదు, ఏబీఎస్ లేదు, ట్రాక్షన్ కంట్రోల్ లేదు. హేలో, పక్క రక్షణ కలిపి పాత తరం కన్నా బరువు పెరిగింది. మెలికల్లో దిశ మార్చేటప్పుడు ఆ బరువు తెలుస్తుంది. అది తప్ప కారులో వంక పెట్టడానికి పెద్దగా ఏమీ లేదు. శక్తి తక్కువ, పట్టు ఎక్కువ కావడమే దీని గొప్పతనం. మలుపులో పోగొట్టుకున్న వేగాన్ని తర్వాతి స్ట్రెయిట్‌లో ఇంజిన్ తెచ్చిపెట్టదు. చేసిన ప్రతి తప్పూ టైమ్ షీట్‌లో కనిపిస్తుంది.

కార్ట్ నుంచి వచ్చినవాళ్లకు అన్నిటికన్నా కష్టమైనది బ్రేకు. జూనియర్ కార్టుల్లో బ్రేకు వెనక ఇరుసు మీదే పనిచేస్తుంది. ఇక్కడ నాలుగు చక్రాలకూ డిస్కులుంటాయి, తొక్కిన బలాన్ని పెంచే సర్వో సాయం ఉండదు, పెడల్ రాయిలా గట్టిగా ఉంటుంది. ఎడమకాలితో మొదటి తొక్కులోనే ఒత్తిడి పూర్తిగా పడాలి. వేగం తగ్గేకొద్దీ రెక్కల మీద గాలి ఒత్తిడి తగ్గి టైరు పట్టు కూడా తగ్గుతుంది కాబట్టి, కాలు మెల్లమెల్లగా వదులుతూ మలుపులోకి తిప్పాలి. డేటాలో బ్రేక్ ప్రెషర్ గీత చూస్తే ఎవరు ఎక్కడున్నారో తెలిసిపోతుంది. బాగా నడిపేవాడి గీత ఒక్కసారిగా నిట్టనిలువుగా లేచి, వాలుగా దిగుతుంది. కొత్తవాడి గీత మెల్లగా ఎక్కి, పైన చదునుగా నడిచి, టక్కున పడిపోతుంది. అలా టక్కున వదిలితే ముక్కు మీదున్న బరువు వెనక్కి పోయి ముందు టైర్లు పట్టు తప్పుతాయి. కారు మలుపు బయటికి తోసుకుపోతుంది. కుర్రాడు దిగివచ్చి ‘అండర్‌స్టీర్ ఉంది’ అంటాడు. అనుభవం లేని ఇంజనీరు వెంటనే ముందు రెక్క కోణం పెంచేస్తాడు. కారణం కాలిలో ఉంటే మందు రెక్కకు వేసినట్టు. మంచి ఇంజనీరు ముందు ఆ గీత తెరిచి చూపిస్తాడు. టీమ్‌ను అంచనా వేయాలనుకునే తల్లిదండ్రులు టెస్టు రోజున ఈ ఒక్క సంభాషణ పక్కన నిలబడి వింటే చాలు.

వదలడంలో ఆలస్యం చేస్తే లోపలి వైపు ముందు చక్రం తిరగడం ఆగి లాకవుతుంది. టైరు మీద ఒకచోట చదునుగా అరిగి, అక్కడి నుంచి స్టీరింగ్ దడదడలాడుతుంది. ఆ టైర్ల సెట్టు ఇక క్వాలిఫయింగ్‌కు (రేసులో ఎవరు ఏ స్థానం నుంచి మొదలవ్వాలో తేల్చే సెషన్‌కు) పనికిరాదు. రేసు వారాంతానికి టైర్ల కోటా ఉంటుంది కనుక ఒక్క లాకప్ ఆ వారాంతాన్నే మార్చేయగలదు.

ఒంటి కొలతకు తగ్గట్టు కారులో కూర్చునే సీటు పోయించుకోవడాన్ని చాలామంది తేలిగ్గా తీసుకుంటారు. కాక్‌పిట్‌లో ప్లాస్టిక్ సంచి పరిచి, అందులో రెండు రసాయనాలు కలిపిన ఫోమ్ గానీ, రెజిన్ కలిపిన పూసలు గానీ పోసి, డ్రైవరును కూర్చోబెట్టి గట్టిపడనిస్తారు. రేసు సూటు, బూట్లు, హెల్మెట్, మెడను కాపాడే హాన్స్ అన్నీ తొడుక్కుని, బెల్టులు బిగించి కూర్చోవాలి. బ్రేకు పూర్తి బలంతో తొక్కినప్పుడు కూడా మోకాలు కాస్త వంగే ఉండాలి. తుంటి దగ్గర ఖాళీ మిగిలితే మలుపుల్లో పిల్లలు స్టీరింగ్ పట్టుకుని తమను తాము ఆపుకుంటారు. పది ల్యాపులకే ముంజేతులు పట్టేస్తాయి, చేతికి టైరు కబురు అందడం మానేస్తుంది. పదిహేనేళ్ల పిల్లలు సీజన్ మధ్యలోనే పొడుగవుతారు కాబట్టి రెండో సీటు ఖర్చు ఒప్పందంలో ఉందో లేదో అడగండి. సామాను కొనేటప్పుడు లేబుళ్లు చూసుకోండి: సూటు, గ్లవ్స్, బూట్లు, లోపలి బట్టలు ఎఫ్‌ఐఏ 8856, హెల్మెట్ 8859 లేదా 8860, హాన్స్ 8858. లేబుల్ లేని లోపలి బట్టలతో స్క్రూటినీకి (రేసుకు ముందు తనిఖీకి) వెళితే వెనక్కి పంపేస్తారు.

క్వాలిఫయింగే ఈ తరగతిలో అసలు పరీక్ష. టైర్లను ముందే వేడిచేసే వార్మర్లు ఉండవు. చల్లటి స్లిక్కులను (గాడులు లేని రేసు టైర్లను) డ్రైవరే వేడెక్కించాలి. పాము నడకలా అటూ ఇటూ తిప్పితే పైపొర మాత్రమే కాగుతుంది. గట్టిగా బ్రేకు వేసి డిస్కు వేడిని రిమ్ము ద్వారా టైరు లోపలికి పంపితేనే పని జరుగుతుంది. కొత్త సెట్టు శిఖరంలో ఉండేది కొద్ది ల్యాపులే. ఆ కొద్ది ల్యాపుల్లో ముందు ఖాళీ దొరకాలి, సెషన్ ఆపేసే ఎర్రజెండా రాకూడదు, తెల్లగీత దాటి ల్యాపు రద్దు చేయించుకోకూడదు. ఇటలీలోని మోంజా ట్రాకులో అయితే ముందు కారు వెనక గాలిచాటు కూడా కావాలి, అందుకే అక్కడ అందరూ ఎదుటివాడు ముందు వెళ్లాలని నెమ్మదిస్తారు. ఈలోగా టైర్లు చల్లారిపోతాయి. చాలా సిరీస్‌లలో రెండో అత్యుత్తమ ల్యాపు ఇంకో రేసు గ్రిడ్‌ను (మొదలయ్యే వరుసను) నిర్ణయిస్తుంది. ఒక్క మెరుపు ల్యాపు చాలదు, వెంటనే అలాంటిదే ఇంకొకటి కావాలి.

ఇక ఏ సిరీస్? పోటీ తీవ్రతలో ఇటలీని మించింది లేదు. ముప్పై కార్లు దాటిన గ్రిడ్లు అక్కడ మామూలే. 2014లో తొలి టైటిల్ ప్రెమా టీమ్ కారులో, తర్వాత ఎఫ్1కు చేరిన లాన్స్ స్ట్రోల్ గెలిచాడు, 2022లో అదే టీమ్‌తో కిమీ ఆంటొనెల్లి గెలిచాడు. ఒకే గుడారం కింద నలుగురైదుగురు గట్టి కుర్రాళ్లుంటే వాళ్లందరి డేటా మన గీత మీద పరిచి చూసుకోవచ్చు. పెద్ద టీముకు ఎక్కువ డబ్బు ఇచ్చేది దీనికోసమే. అలాగని ప్రెమా తప్ప గతి లేదనుకోనక్కర్లేదు, 2021లో ఆలివర్ బేర్‌మన్ వాన్ అమర్స్‌ఫోర్ట్ టీమ్ కారుతో ఇటలీ, జర్మనీ టైటిళ్లు రెండూ గెలిచాడు. యూరప్‌లో మంచి టీముతో ఒక సీజన్‌కు మూడు నుంచి అయిదు లక్షల యూరోలని ప్యాడాక్‌లో (ట్రాకు దగ్గర టీములు మకాం వేసే చోట) చెప్పుకుంటారు. యూరో వంద రూపాయలని లెక్కేసినా మూడు నుంచి అయిదు కోట్లు.

అంత పెట్టలేని కుటుంబాలకు మేం చెప్పేది ఫ్రాన్స్. అక్కడ ప్రైవేటు టీములు లేవు. ల మాన్‌లోని ఎఫ్‌ఎఫ్‌ఎస్‌ఏ అకాడమీయే కార్లన్నీ నడుపుతుంది. కార్ల మధ్య తేడా దాదాపు ఉండదు, అందువల్ల ఫలితం చూస్తే పిల్లవాడి స్థాయి నిక్కచ్చిగా తెలుస్తుంది. ఇసాక్ హజార్ ఇక్కడే 2019, 2020 సీజన్లు నడిపి, ఎఫ్3, ఎఫ్2 మీదుగా 2025లో ఎఫ్1 చేరాడు. లోటు ఒక్కటే, మనకంటూ ఒక ఇంజనీరు పూర్తిగా దొరకడు. బ్రిటన్‌లో వారాంతానికి మూడు రేసులుంటాయి. ఇరుకు ట్రాకులు, గీత దాటితే పచ్చిక. ఓవర్‌టేక్ చేయడం అక్కడ బాగా ఒంటబడుతుంది. తర్వాత ఎఫ్1కు చేరిన లాండో నారిస్ 2015లో టైటిల్ గెలిచింది అక్కడే.

జనవరి, ఫిబ్రవరి నెలల్లో గల్ఫ్‌లో జరిగే శీతాకాలపు సిరీస్ మాకు బాగా నచ్చిన సరుకు. తక్కువ వారాల్లో ఎక్కువ కిలోమీటర్లు వస్తాయి, వాన బెడద తక్కువ, అబుధాబిలోని యాస్ మరీనా లాంటి ఎఫ్1 ట్రాకు ముందే పరిచయమవుతుంది. దుబాయ్, అబుధాబిల్లో స్థిరపడిన తెలుగు కుటుంబాలకు ప్రయాణ ఖర్చు కూడా కలిసొస్తుంది.

అమ్మాయిలకు ఎఫ్1 అకాడమీ అనే ప్రత్యేక సిరీస్ ఉంది. అదే టీ-421 కారు, ఎఫ్1 వారాంతాల్లోనే రేసులు, సీటు ఖర్చులో కొంత భాగం సిరీస్ భరిస్తుంది. 2024 విజేత ఆబీ పుల్లింగ్ అదే ఏడాది బ్రాండ్స్ హాచ్‌లో బ్రిటిష్ ఎఫ్4 రేసు గెలిచిన తొలి మహిళ అయింది. రెండూ పక్కపక్కన నడపడం ఎంత మేలో ఆ ఒక్క ఉదాహరణ చాలు.

మన దేశపు ఎఫ్4 సిరీస్ 2023లో మొదలైంది. తొలి టైటిల్ ఆస్ట్రేలియా కుర్రాడు కూపర్ వెబ్‌స్టర్‌ది, 2024లో దక్షిణాఫ్రికాకు చెందిన అకీల్ అలీభాయ్‌ది. విదేశీయులు వచ్చి గెలుచుకుపోతున్నారని బాధపడేవాళ్లున్నారు. మేం దాన్ని లాభంగానే చూస్తాం, కొలబద్ద ఇంటికే వచ్చింది. చెన్నై దగ్గర ఇరుంగట్టుకోట్టైలోని 3.7 కిలోమీటర్ల మద్రాస్ ట్రాక్ ఈ కారుకు సరిపోతుంది, వేగపు మలుపుల్లో రెక్కల పని తెలుస్తుంది. కోయంబత్తూరు కరి ట్రాక్ 2.1 కిలోమీటర్లే, అక్కడ ఎఫ్4 కారు ఊపిరి తీసుకునే చోటే లేదు. కానీ పేరు ఒకటే అయినా ఎఫ్‌ఐఏ ఎఫ్4 కాని, రెక్కల్లేని దేశీ ఎల్‌జీబీ ఫార్ములా 4 కార్లకు అది చక్కటి బడి. దాన్ని ఒక ఏడాది నడిపి ఎఫ్4కు రావడం తక్కువ ఖర్చులో తెలివైన దారి. సీజన్ కొద్ది నెలల్లోనే ముగిసిపోవడం, టెస్టు రోజులు తక్కువ కావడం మన సిరీస్‌లో పెద్ద లోపాలు. హైదరాబాద్‌లో 2023 ఫిబ్రవరిలో హుస్సేన్‌సాగర్ చుట్టూ విద్యుత్ కార్ల రేసు ఫార్ములా ఈ జరిగింది గానీ ఎఫ్4 నడిచే శాశ్వత ట్రాకు లేదు. తెలుగు కుర్రాళ్లకు ప్రతి సాధనా చెన్నై ప్రయాణమే. మన అనిందిత్ రెడ్డి 2016, 2017 యూరో జేకే రేసింగ్ సిరీస్ టైటిళ్లు గెలిచింది కూడా ఊరికి దూరంగా సాధన చేసే.

టెస్టు రోజుల మీద ఎందుకింత పట్టుబడుతున్నామంటే, పై మెట్లలో నేర్చుకునే సమయం ఉండదు. ఎఫ్4 తర్వాతి మెట్టయిన యూరప్ ఫార్ములా రీజినల్ సిరీస్ (ఫ్రెకా)లో సుమారు 270 హార్స్‌పవర్, ఎఫ్3లో 380, ఎఫ్2లో 620. ఎఫ్3, ఎఫ్2లలో క్వాలిఫయింగ్‌కు ముందు దొరికే ప్రాక్టీసు 45 నిమిషాలే. ఎఫ్2కు వెళ్లేసరికి కార్బన్ బ్రేకులు వస్తాయి, వేడెక్కితే గానీ పట్టవు. పిరెల్లి టైర్లు తొందరపడితే కరిగిపోతాయి. పిట్ స్టాప్ వ్యూహం ఇంకొకటి. అక్కడ బ్రేకు వదలడం నేర్చుకుంటూ కూర్చోవడం కుదరదు. ఆంటొనెల్లి 2023లో ఫ్రెకా గెలిచి, ఎఫ్3 మెట్టే దాటేసి, 2024 ఎఫ్2లో రెండు రేసులు గెలిచి ఆరో స్థానంలో నిలిచి, మరుసటి ఏడాది మెర్సిడెస్ ఎఫ్1 కారులో కూర్చున్నాడు. అతని వెనక మెర్సిడెస్ ఇచ్చిన టెస్టింగ్ ఉంది. ఆ దారి మామూలు కుటుంబానికి నమూనా కాదు. మన జెహాన్ దారువాలా 2019 ఎఫ్3లో మూడో స్థానం సాధించి, ఎఫ్2లో నాలుగు సీజన్లు నడిపి కొన్ని రేసులు గెలిచినా ఎఫ్1 సీటు దక్కలేదు. పైన తలుపులు అంత ఇరుకు. ఎఫ్1 నడపడానికి తప్పనిసరైన సూపర్ లైసెన్సుకు మూడు సీజన్లలో 40 పాయింట్లు కావాలి. ఎఫ్4 ఛాంపియన్‌కు దక్కేవి గరిష్ఠంగా 12, ఫ్రెకా ఛాంపియన్‌కు 25, ఎఫ్3 ఛాంపియన్‌కు 30, ఎఫ్2లో మొదటి ముగ్గురికీ 40 చొప్పున. పాయింట్ల కోసం ఎఫ్4లో మూడో ఏడు కూర్చోవడం దండగ. రెండు సీజన్లు చాలు. మొదటిది నేర్చుకోవడానికి, రెండోది గెలవడానికి.

సంతకం పెట్టే ముందు కాగితంలో ఇవి చూడండి. టెస్టు రోజులు ‘సుమారు’ అని ఉంటే కొట్టేయించి అంకె రాయించండి. ఒక్కో టెస్టుకు కొత్త టైర్ల సెట్లు ఎన్నో రాయించండి, పాత టైర్ల మీద తిరిగిన వంద కిలోమీటర్లు క్వాలిఫయింగ్ నేర్పవు. డ్రైవర్ కోచ్ ఫీజు ధరలో కలిసిందా, వేరా? టీమ్ సహచరుల డేటా చూసే హక్కు రాతలో ఉందా? అన్నిటికన్నా ఇంటిని ముంచేది డ్యామేజీ. ముక్కు, ముందు రెక్క, చక్రాలను కారుకు పట్టి ఉంచే విష్‌బోన్లు, పుష్‌రాడ్లు, ఫ్లోర్: మొదటి ల్యాపు గుద్దులాటలో విరిగేవి ఇవే, తప్పు ఎవరిదైనా బిల్లు మీదే. ఒక్కో ప్రమాదానికి గరిష్ఠ పరిమితి రాయించుకోండి, లేదా బీమాలో మీ వాటా ఎంతో ముందే తేల్చుకోండి. విడిభాగాల ధరల పట్టిక ఒప్పందానికి జతచేయమనండి. ఇవ్వననే టీముతో బేరం అక్కడితో ఆపండి.

విదేశంలో రేసు చేయాలంటే మన దేశపు మోటారు క్రీడల సమాఖ్య ఎఫ్‌ఎంఎస్‌సీఐ ఇచ్చే అంతర్జాతీయ లైసెన్సు, దానితోపాటు స్టార్ట్ పర్మిషన్ (విదేశీ రేసులో దిగేందుకు అనుమతి) తీసుకోవాలి. షెంగెన్ వీసా గడువు 180 రోజుల్లో 90 రోజులే, ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా సాగే సీజన్‌కు టెస్టులు కలుపుకుంటే అది చాలకపోవచ్చు, లాంగ్ స్టే వీసా సంగతి శీతాకాలంలోనే కదపాలి. పదిహేనో ఏడంటే మనవాళ్లకు పదో తరగతి. గల్ఫ్ సిరీస్ ప్రీఫైనల్స్ రోజుల్లో పడుతుంది, యూరప్ టెస్టులు మార్చి బోర్డు పరీక్షలను తాకుతాయి. పదో తరగతి పూర్తిచేసి, ఇంటర్‌ను ఓపెన్ స్కూల్‌కు మార్చి, పదహారో ఏట మొదలుపెట్టినా నష్టం లేదు. ఆ మధ్య దొరికే ఏడాదిని ఎల్‌జీబీ కారులోనూ, మెడ కండరాల వ్యాయామంలోనూ పెట్టండి.