నాగసాకిలో ఒంటిపూట టూరు కొనే ముందు

నాగసాకిలో ఒంటిపూట గైడెడ్ టూరుకు తలకు 9,800 యెన్ల చొప్పున మా నలుగురికీ కలిపి 39,200 యెన్లు, అంటే మా కార్డు లెక్కలో ఇరవై రెండు వేల రూపాయల పైచిలుకు, చెల్లించాము. ఆ డబ్బుకు మమ్మల్ని అణుబాంబు మ్యూజియం గుమ్మం కూడా తొక్కనివ్వలేదు గానీ, కాస్తెల్లా కేకుల దుకాణంలో మాత్రం యాభై నిమిషాలు నిలబెట్టారు. ఆ ఊరికి పిల్లలతో, పెద్దవాళ్లతో వెళ్లదలచిన తెలుగువారు ఇదే పొరపాటు బేరంలో పడకూడదనే ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

మా వారి ఉద్యోగం పని మీద ఫుకువోకాలో ఉన్నప్పుడు, అత్తయ్యగారినీ పద్నాలుగేళ్ల మా అబ్బాయినీ తీసుకుని నాగసాకి బయలుదేరాము. హకాతా స్టేషన్ నుంచి రిలే కమోమే రైలు ఎక్కి, తకెయో ఒన్సెన్‌లో అదే ప్లాట్‌ఫారం మీద ఎదురుగా నిలబడి ఉన్న కమోమే బుల్లెట్ రైలులోకి మారితే గంటన్నరలో నాగసాకి చేరవచ్చు. 2022 సెప్టెంబరులో మొదలైన ఈ మార్గంలో మేము వెళ్లినప్పుడు టికెట్టు మనిషికి సుమారు 6,000 యెన్లు. రైలు గురించీ, స్టేషన్ పక్కనే దిగిన హోటల్ గురించీ ఫిర్యాదు చేయడానికి ఏమీ లేదు.

కొండల మధ్య ఉన్న ఊరు కావడం, అత్తయ్యగారికి మోకాళ్ల నొప్పులు ఉండడం వల్ల సొంతంగా తిరగడం కష్టమని భావించి టూరు తీసుకున్నాము. కరపత్రం మొదటి పుటలోనే మ్యూజియం బొమ్మ పెద్దదిగా వేసి ఉంది. లోపలి పుటలో చిన్న అక్షరాలతో ‘మ్యూజియం పరిసరాల సందర్శన’ అని ఉన్నదాన్ని, మ్యూజియం చూపిస్తారనే అర్థంలోనే ఎవరైనా తీసుకుంటారు. శాకాహార భోజనం కావాలా అన్న గడి కూడా దరఖాస్తులో ఉంది, దాన్ని అత్తయ్యగారి పేరు ఎదుట స్పష్టంగా నింపాము.

ఉదయం ఎనిమిదిన్నరకు బస్సు సరిగ్గా సమయానికి వచ్చింది. మాతో వచ్చిన గైడు అరవై ఏళ్లు దాటిన ఆవిడ, ఆవిడ ఇంగ్లీషు నిదానంగా, ప్రతి మాటా తెలిసేలా ఉంది. నేను కంపెనీ మీద ఎంత కోపంతో రాసినా ఆవిడ మీద ఒక్క మాట కూడా పడనివ్వను. శాంతి ఉద్యానవనంలోకి అడుగుపెట్టగానే, అందరూ ఫొటోలు తీసుకునే పెద్ద విగ్రహం వైపు కాకుండా, ముందుగా మమ్మల్ని ఫౌంటెన్ దగ్గర ఆపారు. బాంబు పడిన రోజున ఒళ్లు కాలి నీళ్ల కోసం అలమటించి పోయినవారి కోసం 1969లో కట్టిన ఫౌంటెన్ అది. దాని ముందున్న నల్లటి రాతి పలక మీద, ఆనాడు తొమ్మిదేళ్లున్న ఒక బాలిక రాసిన మాటలు చెక్కి ఉన్నాయి. దాహం తట్టుకోలేకపోయాననీ, నీటి మీద నూనెలాంటిది తేలుతూ ఉందనీ, అయినా నీళ్లు కావాలి కాబట్టి అలాగే తాగేశాననీ వాటి సారాంశం. గైడు ఆ వాక్యాలను ముందు జపనీసులో చదివి, తరువాత ఇంగ్లీషులో చెప్పారు. నేను అత్తయ్యగారికి తెలుగులో చెబుతూ ఉండగానే గైడు చేతిలోని ఫోను మోగింది. సమయం దాటుతోందని కంపెనీ వారు. ఆ తరువాత తొమ్మిది మీటర్లకు పైగా ఎత్తున్న ఆ కంచు విగ్రహం దగ్గరికి దాదాపు పరుగున వెళ్లాము. కితమురా సెయిబో చేసిన ఆ విగ్రహాన్ని 1955లో నిలిపారనీ, ఆకాశం వైపు చూపుతున్న కుడి చెయ్యి అణ్వస్త్రాల ముప్పునూ, అడ్డంగా చాచిన ఎడమ చెయ్యి శాంతినీ సూచిస్తాయనీ ఆవిడ నడుస్తూనే చెప్పవలసి వచ్చింది.

బాంబు పేలిన చోటుకు గుర్తుగా నిలిపిన నల్లరాతి స్తంభం అక్కడికి కొద్ది దూరంలోనే ఉంది. 1945 ఆగస్టు 9 ఉదయం 11 గంటల 2 నిమిషాలకు, ఆ స్తంభానికి సుమారు 500 మీటర్ల ఎత్తున ఆ ప్లుటోనియం బాంబు పేలింది. విమానం ముందుగా వెళ్లింది నాగసాకికి కాదు, కొకురాకు. అక్కడ కింద ఏమీ కనబడక ఇటు తిరిగింది. కొకురా ఇప్పుడు ఫుకువోకా ప్రాంతంలోని కితాక్యూషూ నగరంలో భాగం. మేము ఉంటున్న చోటికి అంత దగ్గరలోని ఊరు మబ్బుల వల్ల బతికిపోయిందని విన్న మా అబ్బాయి, మ్యూజియంలో దీని గురించి ఇంకా ఉంటుందా అని అడిగాడు. మ్యూజియం అక్కడి నుంచి నాలుగడుగులు ఎక్కితే వచ్చే గట్టు మీదే ఉంది. గైడు ముఖం చిన్నబుచ్చుకుని, అది కార్యక్రమంలో లేదనీ, మార్చే అధికారం తనకు లేదనీ తల వంచి చెప్పారు. అక్కడ మాకు ఇచ్చిన సమయం పది నిమిషాలు.

అక్కడి నుంచి బస్సు నేరుగా కేకుల దుకాణానికి వెళ్లింది. కాస్తెల్లా మీద నాకు ఏ కోపమూ లేదు. పదహారో శతాబ్దంలో పోర్చుగీసు వారి ద్వారా వచ్చిన కేకు అది. గుడ్లు, పంచదార, పిండి, మిజుఅమే అనే తీపి పాకంతో చేస్తారు, వెన్న వెయ్యరు. అడుగున కరగకుండా మిగిలిన పంచదార పలుకులు పంటి కింద పడుతుంటే చాలా బాగుంటుంది. కానీ పెట్టె 1,500 యెన్ల కేకును కొనిపించడానికి యాభై నిమిషాలు ఎందుకు? ముప్పై మందీ రుచి చూడడం పది నిమిషాల్లో అయిపోయింది. గుడ్డు ముట్టని అత్తయ్యగారు గోడవార ఉన్న ఒకే ఒక్క కుర్చీలో కూర్చుని, ఆ బొమ్మల పార్కులో (శాంతి ఉద్యానవనాన్ని ఆవిడ అలాగే అన్నారు) ఈ సేపంతా ఉండనిస్తే ఎంత బాగుండేదమ్మా అన్నారు. మా వారు రెండుసార్లు బయటికి వెళ్లి డ్రైవరుతో మాట్లాడి వచ్చారు. సమయం అయ్యేదాకా తలుపు తియ్యరట.

గ్లోవర్ తోటకు ముప్పై అయిదు నిమిషాలు ఇచ్చారు. విడిగా వెళ్తే పెద్దలకు 620 యెన్ల టికెట్టు. వాలు మీదికి ఎస్కలేటర్లు, కదిలే నడకదారులు ఉండడం వల్ల అత్తయ్యగారు ఇబ్బంది లేకుండా పైకి వచ్చారు, ఈ ఒక్క సంగతి ముందే తెలిస్తే టూరు అవసరమే ఉండేది కాదు. స్కాట్లండు వర్తకుడు థామస్ గ్లోవర్ 1863లో కట్టించుకున్న చెక్క ఇల్లు, దాని వరండా నుంచి కనిపించే రేవు, అవతలి ఒడ్డున 1909 నుంచీ నిలిచి ఉన్న మిత్సుబిషి వారి పెద్ద క్రేను, ఇవి తీరికగా చూడదగినవి. మేము ఫొటోలు తీసుకుని దిగిపోయాము.

పక్కనే ఉన్న ఓవురా చర్చి మెట్ల దగ్గర మాత్రం గైడు గడియారం చూసుకోలేదు. లోపలికి 1,000 యెన్ల టికెట్టు, అదీ మా టూరులో లేదు. అయినా ఆ మెట్ల మీద నిలబడి ఆవిడ చెప్పిన సంగతే ఆ ఉదయం మొత్తానికి నాకు దక్కిన ఫలం. క్రైస్తవం నిషేధమైన కాలంలో, తరువాత బాంబు పడిన ఉత్తరపు వైపునే ఉన్న ఉరకామి పల్లె ప్రజలు రెండు వందల ఏళ్లకు పైగా తమ మతాన్ని రహస్యంగా నిలుపుకున్నారు. విదేశీయుల కోసం ఈ చర్చి కట్టిన కొద్ది నెలలకు, 1865 మార్చిలో, ఆ పల్లెవారు కొందరు వచ్చి, మాదీ మీ మతమేనని ఫాదర్ పెతిజాన్ చెవిలో చెప్పారు. ఆ తరువాత వారిని ఊరు నుంచి వెళ్లగొట్టారు. 1873లో నిషేధం తొలగాక తిరిగి వచ్చి, దశాబ్దాలు శ్రమపడి ఉరకామిలో పెద్ద చర్చి కట్టుకున్నారు. బాంబు పడింది ఆ చర్చికి అర కిలోమీటరు దూరంలో. ఉదయం స్తంభం పక్కన మీరు చూసిన ఇటుక గోడ ముక్క ఆ చర్చిదే అని ఆవిడ అన్నప్పుడు, ఆ గోడ ముందు ఎవరూ ఆగి చూడలేదని మా అందరికీ గుర్తుకు వచ్చింది. ఊరి ఉత్తరపు కొసనూ దక్షిణపు కొసనూ కలిపే ఇంత కథ తెలిసిన మనిషిని పెట్టుకుని, ఆవిడ నోటికి సమయం ఇవ్వకుండా కేకులు అమ్మించడమే ఆ కంపెనీ చేసిన అసలు అన్యాయం.

ఇక భోజనం. షించి చైనాటౌన్‌లోని హోటల్లో అందరికీ చంపోన్ నూడుల్స్ పెట్టారు. పంది మాంసం, రొయ్యలు, కణవలు, క్యాబేజీ వేసి, ఎముకలు మరిగించిన రసంలో వండే ఆ వంటకం మా వారికీ అబ్బాయికీ ఎంతో నచ్చింది. అత్తయ్యగారి ముందు పెట్టిన ‘శాకాహార’ గిన్నెలో ముక్కలు కనబడలేదు గానీ, రసం పైన తేలుతున్న కొవ్వు చుక్కలు చూసి నేను అడిగాను. వంటవారిని కనుక్కుని వచ్చిన గైడు, ముక్కలు తీసేశారు గానీ రసం అదేనని ఉన్నది ఉన్నట్టుగా చెప్పారు. అత్తయ్యగారు ఒక్క మాట అనకుండా గిన్నెను పక్కకు జరిపి మంచినీళ్లు తాగారు. పొద్దున్నించి రెండు అరటిపళ్ల మీద ఉన్న మనిషి అలా కూర్చుంటే మాకు ముద్ద దిగలేదు.

గైడు తన భోజనం వదిలేసి, నన్ను వెంటబెట్టుకుని వీధి మలుపులోని కన్వీనియన్స్ స్టోరుకు తీసుకువెళ్లారు. అక్కడ అన్నం ముద్దలను ఒక్కొక్కటిగా తీసి, కళ్లజోడు నుదుటి మీదికి జరిపి, కవరు వెనక చీమ తలకాయలంత అక్షరాలను చదివారు. ఉప్పులో ఊరిన పుల్లటి పండు పెట్టిన ముద్దలో కూడా చేపల సారం కలిపి ఉందని పక్కన పెట్టేసి, చివరికి ఉప్పు తప్ప ఏమీ కలపని ముద్దలు రెండు వెతికి ఇచ్చారు. రెండూ కలిపి 260 యెన్లు. అత్తయ్యగారు సంచిలోంచి నిమ్మకాయ ఊరగాయ తీసి, వాటితో కలుపుకుని తృప్తిగా తిన్నారు. విడిపోయేటప్పుడు మేము కవరులో పెట్టి ఇవ్వబోయిన డబ్బును గైడు రెండు చేతులా వారించారు. జపానులో టిప్పు పుచ్చుకోరు, బలవంతపెట్టడం వారిని ఇబ్బంది పెట్టడమే.

ఒంటిగంటకు టూరు ముగిసింది. షించి చైనాటౌన్ స్టాపులోనే ట్రాము ఎక్కి మళ్లీ ఉత్తరానికి వెళ్లాము. వెనక తలుపున ఎక్కి, దిగేటప్పుడు ముందు డ్రైవరు పక్కనున్న పెట్టెలో ఛార్జీ వెయ్యాలి. మేము వెళ్లినప్పుడు ఎంత దూరమైనా మనిషికి 140 యెన్లు. మ్యూజియం టికెట్టు పెద్దలకు 200, బడి పిల్లలకు 100. రానూ పోనూ ట్రాముతో సహా మా నలుగురికీ అయినది 1,820 యెన్లు.

ఆ లోపల ఏముందో అంతా రాయను. 11:02 దగ్గర ఆగిపోయిన గోడ గడియారం దాటి వెళ్తే, బడికి వెళ్లే ఒక అమ్మాయి అన్నం డబ్బా ఉంటుంది, అందులోని మెతుకులు బొగ్గుగా మారి అలాగే ఉన్నాయి. అత్తయ్యగారు అద్దానికి దగ్గరగా వంగి, క్యారేజీ అని నెమ్మదిగా అని, చాలాసేపు కదలలేదు. ఆ ఏడాది చివరికి ఈ ఊళ్లో పోయినవారు సుమారు 74,000 మంది. మా అబ్బాయి గంటన్నర పాటు ఒక్క పలక వదలకుండా చదివాడు. బయటికి వచ్చి, 1959లో తిరిగి కట్టిన ఉరకామి చర్చి దాకా మెల్లగా నడిచాము. గట్టు కింద, పేలుడుకు విరిగి పడిన పాత గంటగోపురం పడిన చోటే ఇప్పటికీ ఉంది. ఏ టూరు బస్సూ అక్కడ ఆగి ఉండగా మేము చూడలేదు.

కంపెనీకి ఫిర్యాదు రాస్తే వారం తరువాత అత్తయ్యగారి భోజనం కింద 1,500 యెన్లు వెనక్కి వేశారు. మ్యూజియం గురించి, దుకాణం గురించి అడిగిన ప్రశ్నలకు జవాబు లేదు.

ఒంటిపూట టూరు తప్పదనుకునేవారు డబ్బు కట్టకముందే మ్యూజియం లోపల ఎన్ని నిమిషాలు, దుకాణంలో ఎన్ని నిమిషాలు అన్నది రాతపూర్వకంగా అడగండి. శాకాహారం అన్నప్పుడు ముక్కల సంగతి కాదు, రసం దేనితో కాచారో అడగండి. నా మటుకు నేను చెప్పేది, ఒక్క పూటలో ఊరి రెండు కొసలూ చుట్టే టూరు ఏదీ కొనవద్దని. సమయం ఒక్క పూటే ఉంటే గ్లోవర్ తోటను వదిలేసి ఉరకామి వైపే ఉండండి. మ్యూజియం ఉదయం ఎనిమిదిన్నరకు తెరుస్తారు, బడి పిల్లల బృందాలు రాకముందే లోపలికి వెళ్లగలిగితే పెద్దవాళ్లకు తోపులాట ఉండదు. ట్రాము నాలుగు సార్లకు మించి ఎక్కేటట్టయితే రోజు టికెట్టు లాభం, మేము వెళ్లినప్పుడు అది 600 యెన్లు.