కెనాయ్ నదిలో సాల్మన్ లెక్క: ఇంటికి ఉత్తరమా, రేవులో సర్వేనా? ఏది మేలు?

అలాస్కాలోని కెనాయ్ నదిలో 1985లో ఒకాయన గాలానికి 97 పౌండ్ల పైచిలుకు, అంటే దాదాపు 44 కిలోల కింగ్ సాల్మన్ పడింది. అదే నదిలో 2023, 2024లో కింగ్ వేటను మూసేయాల్సి వచ్చింది. చేపలు ఇంతగా తగ్గినచోట, సరదాకి గాలం వేసేవాళ్లు ఎంతసేపు వేటాడారు, ఎన్ని పట్టుకెళ్లారు అన్న లెక్క తప్పితే నష్టం నేరుగా చేపకే.

అలాస్కా చేపల శాఖ 1977 నుంచి లైసెన్సులున్న ఇళ్లలో కొన్నింటిని ఎంచుకుని ప్రశ్నపత్రం పంపుతోంది. ఖర్చు తక్కువ, రాష్ట్రమంతా ఒకే పద్ధతి. కానీ ఫలితం చేతికొచ్చేసరికి ఆ సీజన్ అయిపోతుంది. పైగా ఏడాది చివర్లో అడిగితే జూలైలో ఎన్ని పడ్డాయో ఎంతమందికి గుర్తుంటుంది? ఒక్క చేపా పడనివాళ్లు ఆ కాగితాన్ని పక్కన పడేస్తారు, బాగా పడినవాళ్లు వెంటనే నింపి పంపుతారు. దాన్ని సరిదిద్దకపోతే మొత్తం పెరిగిపోతుంది.

రేవు దగ్గర సర్వేలో రెండు పనులుంటాయి: తలలు లెక్కపెట్టడం, మనుషుల్ని అడగడం. ఉదాహరణకి, ఒక రోజు నాలుగు వేర్వేరు వేళల్లో నది వెంట వెళ్తూ చూస్తే 40, 60, 50, 30 మంది కనిపించారనుకుందాం. సగటు 45. వేటకు 16 గంటల వీలుంటే మొత్తం 720 గంటల వేట. మనం అడిగినవాళ్లందరికీ కలిపి 50 గంటల వేటలో 2 చేపలు పడి ఉంటే, ఆ రోజు లెక్క సుమారు 29 చేపలు. వేళల్ని చీటీలు తీసినట్టు ఎంచుకోవాలి. సిబ్బందికి వీలైన టైముకే వెళ్తే లెక్కంతా వృథా.

ఇందులోనూ ఒక చిక్కుంది. నదిలో తిరుగుతూ అడిగితే వేట ఇంకా సగంలోనే ఉంటుంది, ఎక్కువసేపు ఉండేవాళ్లే ఎక్కువగా దొరుకుతారు. త్వరగా పరిమితి మేరకు పట్టేసి వెళ్లిపోయినవాళ్లు తప్పిపోతారు. పడవ దిగేచోట అడిగితే వేట పూర్తయి ఉంటుంది, చేప కళ్లెదుటే ఉంటుంది. పొడవు కొలవొచ్చు. ఎడమ పక్క, వెన్ను రెక్క వెనక కొసకి కిందుగా రెండు మూడు పొలుసులు తీసుకుంటే వాటి వలయాల్ని బట్టి వయసు తెలుస్తుంది. ఉత్తరంలో ఇవేవీ రావు.

నన్నడిగితే కింగ్‌కి రేవు సర్వేనే మేలు. దాన్ని వేటాడేవాళ్లు ఎక్కువగా పడవల్లో వెళ్తారు, దిగే రేవులు తెలిసినవే, వేట ఆపాలా వద్దా అన్నది ఆ వారంలోనే తేల్చాలి. సాకై అనే మరో రకం సాల్మన్ సంగతి వేరు. ఆ చేప లక్షల్లో వస్తుంది, జనం ఒడ్డు పొడవునా నిలబడి గాలం వేస్తారు, ఎటునుంచైనా వెళ్లిపోతారు. అందరినీ పట్టుకుని అడగడం కుదరదు కాబట్టి అక్కడ ఉత్తరాల సర్వే సరిపోతుంది. డబ్బు చాలకపోతే కింగ్ సర్వేలో రోజుల్ని తగ్గించుకోండి. శని, ఆదివారాల్ని, మామూలు రోజుల్ని మాత్రం కలిపేయకుండా విడివిడిగానే లెక్కించండి.