ల్యాబ్‌లో నెక్సస్ 9000వీ పెట్టాలా, అరిస్టా సీఈఓఎస్ చాలా?

ఈ రెండూ సిస్కో, అరిస్టా డేటా సెంటర్ స్విచ్‌లకు కంప్యూటర్‌లోనే నడిచే సాఫ్ట్‌వేర్ రూపాలు. అలాంటి స్విచ్‌ని ఇంట్లో నడపాలంటే ముందు తేలాల్సింది ర్యామ్ లెక్క. 9000వీ రకాల్లో ఒకటైన సిస్కో నెక్సస్ 9300వీ ఒక్కటే, వెర్షన్‌ని బట్టి, 8 నుంచి 10 జీబీ అడుగుతుంది. రెండు స్పైన్లు (లీఫ్‌లన్నిటినీ కలిపే స్విచ్‌లు), నాలుగు లీఫ్‌లతో (సర్వర్లు తగిలించే స్విచ్‌లు) వీఎక్స్‌లాన్ ఈవీపీఎన్ (ఐపీ నెట్‌వర్క్ మీద వర్చువల్ నెట్‌వర్క్‌లు పరిచే పద్ధతి) ల్యాబ్ కట్టాలంటే 48 నుంచి 60 జీబీ. మామూలు ల్యాప్‌టాప్ వల్ల కాదు. అదే ఆరింటినీ అరిస్టా సీఈఓఎస్‌తో కడితే 16 జీబీలో ఇమిడిపోతాయి. అది వర్చువల్ మెషీన్ కాదు, కంటెయినర్. సొంత కెర్నల్ (ఆపరేటింగ్ సిస్టమ్ మూలభాగం) మోయకుండా హోస్ట్ లైనక్స్ మీదే నడుస్తుంది.

నెక్సస్ బూట్ కావడానికి నిమిషాలు పడుతుంది. లేచాక పీఓఏపీ (కాన్ఫిగ్‌ని నెట్‌వర్క్ నుంచి తనే తెచ్చుకునే పవర్ ఆన్ ఆటో ప్రొవిజనింగ్) ఆపమంటారా అని అడుగుతుంది; ఆపేయాలి. అసలు తలనొప్పి రీలోడ్ చేసినప్పుడు: ఏ ఇమేజ్‌తో (స్విచ్ సాఫ్ట్‌వేర్ ఫైలు) లేవాలో తెలియక స్విచ్ లోడర్ ప్రాంప్ట్ దగ్గర ఆగిపోతుంది. ఇమేజ్ పాడైందనుకుని చాలామంది మళ్లీ డౌన్‌లోడ్ చేస్తారు, పాపం. అక్కర్లేదు. బూట్ కమాండ్‌లో బూట్‌ఫ్లాష్‌లోని (స్విచ్ సొంత స్టోరేజ్) ఇమేజ్ పేరు ఇచ్చి కాన్ఫిగ్ సేవ్ చేస్తే చాలు. మొదటి లాగిన్‌లోనే ఈ పని చేసేయండి.

సీఈఓఎస్‌కీ ఒక మెలిక ఉంది. ఈవీపీఎన్‌కు రూటింగ్ ప్రోటోకాల్స్ మోడల్ అనే సెట్టింగ్‌ని మల్టీ-ఏజెంట్‌లో పెట్టాలి. పాత వెర్షన్లలో డిఫాల్ట్ అది కాదు, పైగా మార్చాక రీస్టార్ట్ చేయాలి. మిగతాదంతా సులువే: ఉచిత అకౌంట్‌తో ఇమేజ్ తెచ్చుకుని డాకర్‌లోకి (కంటెయినర్లు నడిపే సాఫ్ట్‌వేర్) ఇంపోర్ట్ చేస్తే, కంటెయినర్‌ల్యాబ్ అనే టూల్‌లో ఒక్క టెక్స్ట్ ఫైలుతో మొత్తం టోపాలజీ లేస్తుంది.

నన్నడిగితే, ఈవీపీఎన్ రూట్ టైపులు, అండర్‌లే (కింది ఐపీ నెట్‌వర్క్), ఓవర్‌లే (దాని మీది వర్చువల్ నెట్‌వర్క్) సీఈఓఎస్ మీదే నేర్చుకోండి. ఈవీపీఎన్ నడిచేది బీజీపీ అనే రూటింగ్ ప్రోటోకాల్ మీద; బీజీపీ ఎవరి పెట్టెలోనైనా బీజీపీనే. కానీ మీరు చేరబోయే చోట నెక్సస్‌లు ఉంటే వీపీసీ (రెండు స్విచ్‌లు కింది పరికరానికి ఒక్కటిగా కనిపించే సిస్కో పద్ధతి) చేతికి అలవాటు కావాలి. అరిస్టా ఎంలాగ్ ఆలోచన అదే అయినా కమాండ్లు, కన్సిస్టెన్సీ చెక్‌లు వేరు. దానికి ఆరు స్విచ్‌లు అక్కర్లేదు. 32 జీబీ మెషీన్‌లో రెండు నెక్సస్‌లు, కింద పోర్ట్ ఛానెల్‌తో (కొన్ని లింకులను ఒక్కటిగా కలపడం) ఒక చిన్న లైనక్స్ పెడితే సరి.

బఫర్లు, టీక్యామ్ (స్విచ్ వేగంగా వెతికే ప్రత్యేక మెమరీ), అసలు వేగం మాత్రం రెండింట్లోనూ పరీక్షించలేం. లోపల ఏసిక్ (ప్యాకెట్లను పంపే ప్రత్యేక చిప్) లేదు కదా. క్యూఓఎస్ (ట్రాఫిక్‌కి ప్రాధాన్యం ఇచ్చే ఏర్పాటు) కమాండ్ తీసుకుంది కాబట్టి పనిచేస్తోందని నమ్మకండి.